పళ్లు తల్లిగారింటివి, నడుము అత్తగారింటిది

(నల్లగొండలో ఒక ఆదివారం సాయంత్రం చేసిన ప్రసంగం, రాసిన పాఠం)

పెద్దలకు, అక్కలకు, తమ్ముళ్లకు నమస్కారం. వెనక నిలబడ్డ పిల్లలు ముందుకు రండి, ఇక్కడ చాప పరిచి ఉంది. ఫ్యాన్ గాలి కూడా ఇక్కడే తగులుతుంది.

నన్ను పరిచయం చేసిన సార్ నేను రెండు చదువులు చదివానని చెప్పారు. మొదట జన్యుశాస్త్రం, తర్వాత జర్నలిజం. సైన్సు సంగతులు తెలుగులో రాయడం నా ఉద్యోగం. వీటితో పాటు ఇరవై ఏళ్లుగా ఇంకో పని చేస్తున్నాను, మా ఇంటి పూర్వీకులను వెతకడం. దానికి జీతం లేదు, సెలవు కూడా లేదు. ఈ మూడూ వేరువేరు పనులని చాలాకాలం అనుకున్నాను. కాదని మా నాయనమ్మ దగ్గర తెలిసింది. ఇవాళ ముఖ్యంగా ఆ సంగతే చెప్తాను.

మాది మర్రిగూడ, మునుగోడు వైపు ఒక ఊరు. మా పెదనాన్న ఆ కాలంలోనే హెచ్చెస్సీ చదివారు. గుండ్రని, ముత్యాల్లాంటి దస్తూరి. ఆయన ఒక పెద్ద డ్రాయింగ్ కాగితం మీద మా వంశవృక్షం గీసి, అటక మీద గొట్టంలో చుట్టి పెట్టుకున్నారు. దసరాకు కిందికి దించి, జమ్మి ఆకుతో పాటు దానికీ పసుపు కుంకుమ పెట్టేవారు. ఏడు తరాలు. ఎవరు ఏ ఊరి నుంచి వచ్చారు, ఎవరు పటేల్‌గిరి చేశారు, ఎవరు రజాకార్ల కాలంలో బెజవాడ పోయి తిరిగొచ్చారు, అంతా చిన్న అక్షరాల్లో ఉండేది. చిన్నప్పుడు దాని మీద వేలు పెట్టి పేర్లు చదువుకోవడం నాకు ఆట.

ఆ కాగితం మీద ఒక్క ఆడమనిషి పేరు కూడా లేదు. ఆ సంగతి నేను గమనించనే లేదు. ఇంటర్ చదివేటప్పుడు కూడా గమనించలేదు. అట్లాగే ఉంటుంది కదా అనుకున్నాను.

మా ఇంటికి ఊళ్లో ఒక పేరుండేది. ఇంటిపేరు కాదు, పక్కన పెట్టిన పేరు. వంగిన నడుములోళ్లు. మా తాత నడుము పూర్తిగా వంగిపోయింది, ఎదురుగా ఉన్న మనిషి ముఖం చూడాలంటే పక్కకు తిరిగి చూసేవాడు. పెదనాన్నకు యాభై దాటేసరికి మెడ తిరగడం మానేసింది. పిలిస్తే ఒళ్లంతా తిప్పి చూసేవారు. కింద కూర్చుని భోంచేయలేకపోయేవారు. తాత వాళ్ల నాయన కూడా అట్లాగే పోయాడని చెప్పేవారు. కాగితం మీద ఒకరి కింద ఒకరు మగవాళ్లు, ఒకరి తర్వాత ఒకరికి వంగిన నడుము. ఎవరు చూసినా ఏమంటారు? వంశంలోనే ఉంది అంటారు. అన్నారు కూడా.

మా పెద్దత్తకు సంబంధం చూసినప్పుడు మాటలన్నీ అయిపోయి, లగ్నం పెట్టుకునే ముందు రోజు వాళ్లు తప్పుకున్నారు. "ఆ ఇంటి రక్తంలనే ఉన్నదట, మా ఇంటికెందుకు తెచ్చుకోవాలె" అని పిల్లవాడి తండ్రి అన్నాడని మధ్యవర్తి వచ్చి చెప్పాడు. పెద్దత్త తర్వాత పెళ్లే చేసుకోలేదు. ఆ ఇంట్లోనే ఉండిపోయింది. రెండో అత్తకు మాత్రం ఎట్లాగో 1971లో మిర్యాలగూడ వైపు ఇచ్చారు, సాగర్ ఎడమ కాలువ కింద ఊరు. కాలువల్లో నీళ్లు పారడం 1967లోనే మొదలైంది కాబట్టి అప్పటికి అక్కడ పచ్చగా ఉండేది.

నేను జన్యుశాస్త్రం తీసుకున్నదే ఈ భయంతోనని ఇప్పుడు ఒప్పుకుంటాను. నాకూ వస్తుందా, నా పిల్లలకు వస్తుందా? చదువుతున్నప్పుడు మా మేడమ్ ఒక పాఠం చెప్పారు. ఒక జబ్బు కుటుంబంలో తరతరాలు కనిపిస్తే అది వంశపారంపర్యం అనేయకండి, ఆ కుటుంబం రక్తాన్నే కాదు, ఇంటినీ వంటనీ బావినీ కూడా పంచుకుంటుంది అని. ఆ మాట విన్న రోజు నాకు నిద్ర పట్టలేదు. ఈ రెంటినీ విడదీయడం ఎట్లా? దానికి మామూలుగా రెండు రకాల మనుషులు కావాలి. రక్తం అదే అయినా చోటు మారిన వాళ్లు, చోటు అదే అయినా రక్తం వేరైన వాళ్లు.

మన ఊళ్లలో అటువంటి వాళ్లు ఎవరు? ఇంటి నుంచి బయటికి పెళ్లయి పోయిన ఆడబిడ్డలు, బయటి నుంచి ఇంటికొచ్చిన కోడళ్లు. పెదనాన్న కాగితం మీద లేని వాళ్లంతా వాళ్లే.

2006 ఎండాకాలం సెలవు పెట్టి ఊరికి పోయాను. నాయనమ్మకు అప్పటికి ఎనభై ఉంటాయి. జర్నలిజం చదువులో ఇంటర్వ్యూ చేయడం నేర్చుకున్నాను కదా, టేప్‌రికార్డర్ ముందు పెట్టి, నోట్‌బుక్ తెరిచి, "నాయనమ్మా, నువ్వు పుట్టిన సంవత్సరం ఏది?" అని అడిగాను. ఆమె నా వైపు చూసి, "నాకేమెరుక బిడ్డా, మీ పెదనాయన్ను అడుగు" అంది. ఏది అడిగినా అదే జవాబు. రెండు రోజులు అట్లాగే పోయాయి. మూడో రోజు ఆమె గోకరకాయ తుంచుతుంటే నేనూ పక్కన కూర్చుని తుంచడం మొదలుపెట్టాను. నోట్‌బుక్ లోపలే ఉంది. "మీ తల్లిగారింట్ల గోకరకాయ ఎట్ల వండుతుండె?" అన్నాను, ఏదో మాట కలపడానికి. ఇక చూడండి. ఊరు వచ్చింది, ఊరి పక్కన కృష్ణ వచ్చింది, ఏటికి పోయే దారి వచ్చింది, ఆమె అమ్మ వచ్చింది, అమ్మమ్మ వచ్చింది. చీకటి పడేదాకా చెప్పింది. మీ ఇంట్లో పెద్దవాళ్లను అడిగేటప్పుడు దయచేసి తేదీతో మొదలుపెట్టకండి. చదువుకోని మనిషికి తేదీ అడగడమంటే పరీక్ష పెట్టినట్టు ఉంటుంది. కూరతో మొదలుపెట్టండి, దారితో మొదలుపెట్టండి.

అన్నట్టు, ఆమె ముంజేతి మీద పచ్చబొట్టు ఉండేది. చిన్నప్పటి నుంచి చూస్తున్నాను, ఏదో తేలు బొమ్మ, నాలుగు చుక్కలు అనుకునేదాన్ని. ఆ రోజు అడిగితే ఆ చుక్కలు వాళ్ల అమ్మవి అంది. పెళ్లై పోయే ముందు తల్లీ బిడ్డా ఒకే రోజు, ఒకే మనిషి దగ్గర పొడిపించుకున్నారట. మా ఇంట్లో అంత పాత దస్తావేజు ఇంకోటి లేదు.

నీళ్ల మాట ఆమెనే ఎత్తింది. "మా తల్లిగారి ఊర్ల ఏటి నీళ్లు తియ్యగుంటుండె. ఈడికొచ్చినంక ఈ బాయి నీళ్లు నాలికకు పట్టకపోయేది. నా పండ్లు చూడు, మా తల్లిగారింటి పండ్లు. నడుము మాత్రం ఈ ఇంటిదే" అని నవ్వింది.

నేను తుంచుతున్న కాయ చేతిలోనే ఉండిపోయింది.

ఆమె పళ్లు నిజంగానే తెల్లగా ఉన్నాయి. మా నాన్న పళ్ల మీద, పెదనాన్న పళ్ల మీద, అత్తల పళ్ల మీద గోధుమరంగు గీతలు ఉంటాయి, గార పట్టినట్టు. ఎంత తోమినా పోవు. నాయనమ్మకు అవి లేవు. కానీ నడుము మాత్రం మా తాత లాగే వంగిపోయింది. ఆమెకూ మా తాతకూ ఏ చుట్టరికమూ లేదు. బయటి సంబంధం.

సైన్సు ఏం చెప్తుందో ఇక్కడ రెండు మాటల్లో చెప్తాను. మన జిల్లా అడుగున ఉన్నది గ్రానైటు రాయి. ఆ రాతి ఖనిజాల్లో ఫ్లోరైడ్ ఉంటుంది. వాన తక్కువ, ఎండ ఎక్కువ. భూమిలోకి ఇంకిన నీళ్లు రాతి పగుళ్లలో చాలాకాలం నిలిచి ఆ ఫ్లోరైడ్‌ను కరిగించుకుంటాయి. తాగే నీటిలో లీటరుకు 1.5 మిల్లీగ్రాములు మించకూడదని ప్రపంచ ఆరోగ్య సంస్థ లెక్క. దానికి రంగు లేదు, వాసన లేదు. కాచితే పోతుందని ఇప్పటికీ కొందరు అనుకుంటారు. పోదు. నీళ్లు ఆవిరైన కొద్దీ మిగిలిన నీళ్లలో ఇంకా చిక్కబడుతుంది.

అది పళ్లనూ ఎముకలనూ పట్టే తీరు వేరు. శాశ్వత దంతాల మీది పింగాణీ పొర చిగురు కిందనే తయారవుతుంది, సుమారు ఎనిమిదేళ్ల వయసు లోపు. ఆ వయసులో ఆ నీళ్లు తాగితేనే పళ్ల మీద గీతలు పడతాయి. ఆ తర్వాత ఎన్నేళ్లు తాగినా కొత్తగా పడవు. ఎముక అట్లా కాదు, జీవితమంతా కొద్దికొద్దిగా పాతది కరిగి కొత్తది కట్టుకుంటూనే ఉంటుంది. ఆ నీళ్లు ఏళ్ల తరబడి తాగితే ఫ్లోరైడ్ ఎముకలో పేరుకుంటుంది, వెన్ను పూసల మధ్య నరాల్లాంటి కట్లు కూడా గట్టిపడి ఎముకలా అయిపోతాయి. ఇక మెడ తిరగదు, నడుము లేవదు.

అంటే పళ్లు మనిషి చిన్నతనం ఎక్కడ గడిచిందో చెప్తాయి. నడుము ఆ తర్వాతి బతుకు ఎక్కడ గడిచిందో చెప్తుంది. నాయనమ్మ బడి ముఖం చూడలేదు. ఆమె అన్నది సరిగ్గా ఇదే.

అప్పటికప్పుడు మిర్యాలగూడ బస్సెక్కాను. చిన్నత్త ఇంటికి పోయేసరికి ఆమె వాకిట్లో వరి తూర్పారబడుతోంది. యాభై అయిదేళ్ల మనిషి. చేట ఎత్తి నిలబడి, స్తంభంలా నిటారుగా ఉంది. నన్ను చూసి నవ్వింది. పళ్ల మీద గోధుమరంగు గీతలు. మా నాన్నవే, మా పెదనాన్నవే ఆ గీతలు. రక్తం మాది, చిన్నతనం మా బావిది, నడుము మాత్రం కాలువ ఊరిది. అక్కడే పీట మీద కూర్చుని ఏడ్చాను. ఆమెకు ఏమీ అర్థం కాలేదు, మంచినీళ్లు తెచ్చిచ్చింది.

శాస్త్రం చదివిన దాన్ని కాబట్టి అక్కడితో ఆగకూడదు. మా చిన్నమ్మ కూడా కోడలే, ఆమె నడుము కూడా వంగింది. కానీ ఆమెది మేనరికం. ఆమె తల్లి మా ఇంటి ఆడబిడ్డ. కాబట్టి ఆమెలో మా రక్తం ఉంది, ఈ లెక్కలో ఆమెను సాక్షిగా తీసుకోకూడదు. మన దగ్గర వంశవృక్షం గీసేవాళ్లు దీన్ని బాగా గుర్తు పెట్టుకోవాలి. పాశ్చాత్య దేశాల కాగితాల్లో చెట్టు కొమ్మలు విడిపోతూ పోతాయి. మన చెట్టు కొమ్మలు మళ్లీ వచ్చి కలుస్తాయి. ప్రతి మనిషికీ ముత్తాతలు, ముత్తవ్వలు కలిసి ఎనిమిది మంది ఉండాలి. మేనత్త, మేనమామ బిడ్డలు పెళ్లి చేసుకుంటే వాళ్ల పిల్లలకు ఆరుగురే ఉంటారు. సొంత మేనమామను చేసుకుంటే వాళ్ల పిల్లలకు ఒకే మనిషి ఒక వైపు తాత, ఇంకో వైపు ముత్తాత. కాగితం మీద ఒక పేరును రెండు చోట్ల రాయకుండా, ఒకే చోట రాసి రెండు గీతలు కలపండి. అప్పుడే ఎవరు బయటి వాళ్లో, ఎవరు లోపలి వాళ్లో తెలుస్తుంది. బయటి సంబంధం కోడళ్లను విడిగా చూస్తే, మా ఇంట్లో ముప్ఫై నలభై ఏళ్లు కాపురం చేసిన వాళ్ల కథ నాయనమ్మ కథే. తిండి బలంగా తిన్నవాళ్లకు కొంత ఆలస్యంగా వచ్చింది, రోజంతా ఎండలో పనిచేసి కడవల కొద్దీ నీళ్లు తాగిన వాళ్లకు ముందు వచ్చింది.

ఇక ఇంట్లో చెప్పాలి. ఇక్కడ నా రెండో చదువుకు పరీక్ష వచ్చింది. రాత్రి భోజనాల దగ్గర, "పెదనాన్నా, ఇది జెనెటిక్ కాదు, ఎన్విరాన్‌మెంటల్. ఫ్లోరోసిస్ అంటారు" అని మొదలుపెట్టాను. 1937లోనే నెల్లూరు వైపు ఈ జబ్బును వైద్యులు గుర్తించారని, 1955లో సిద్దిఖీ అనే వైద్యుడు నల్లగొండ జిల్లా మీదే బ్రిటిష్ మెడికల్ జర్నల్‌లో రాశారని చెప్పాను. ఆయన తల ఊపారు. "సరే బిడ్డా" అన్నారు. మర్నాడు పక్కింటాయనతో "మా వంశంల ఉన్నది కదా, ఏం చేస్తం" అంటుంటే విన్నాను. నేను చెప్పినవన్నీ నిజాలే. కానీ ఆయనకు అవి చేరలేదు.

వారం తర్వాత పండక్కి చిన్నత్త వచ్చింది. నాయనమ్మను, పెద్దత్తను, చిన్నత్తను ఒకే మంచం మీద కూర్చోబెట్టి పెదనాన్నను పిలిచాను. "ముగ్గురినీ నోరు తెరవమను పెదనాన్నా. తర్వాత లేచి నిలబడమను" అన్నాను. ముందు నవ్వులాట అనుకున్నారు. నాయనమ్మ పళ్లు తెల్లన, నడుము వంగింది. పెద్దత్త పళ్లు గీతలు, నడుము వంగింది. చిన్నత్త పళ్లు గీతలు, నడుము నిటారు. ఆయన ముగ్గురినీ ఒకటికి రెండుసార్లు చూశారు. ఏమీ మాట్లాడకుండా బయటికి పోయి బావి గట్టు మీద చాలాసేపు కూర్చున్నారు. లోపలికి వచ్చి, అటక మీది కాగితం దింపమని మా తమ్ముడికి చెప్పారు. నేల మీద పరిచి, పెన్ను చేతికి తీసుకుని నన్ను అడిగారు: "ఇండ్ల మీ నాయనమ్మ పేరు ఏడ రాయాలె?"

పెద్దత్త అప్పుడు ఒక్క మాట అంది. "గప్పుడే ఎవరన్న చూస్తే నా లగ్గం గాకపోయేదా?" దానికి మా ఎవరి దగ్గరా జవాబు లేదు. ఇప్పటికీ లేదు.

ఈ జిల్లా పేరుతో ప్రపంచంలో ఒక పద్ధతి ఉంది, విద్యార్థులు తెలుసుకోవాలి. నాగపూర్‌లోని జాతీయ పర్యావరణ పరిశోధన సంస్థ నీరీ శాస్త్రవేత్తలు 1970ల్లో పటిక, సున్నం, బ్లీచింగ్ పౌడరు కలిపి నీళ్లలోని ఫ్లోరైడ్‌ను తగ్గించే పద్ధతి తయారు చేశారు. దానికి నల్లగొండ టెక్నిక్ అని పేరు. ఆఫ్రికాలో టాంజానియా దాకా పోయింది ఆ పేరు. కానీ మా ఊళ్లో ఆ పేరు విన్న వాళ్లు లేరు. సైన్సును మన మాటలో చెప్పడం చిన్న పని కాదని నేను అంటున్నది ఇందుకే. తర్వాత కృష్ణ నీళ్లు వచ్చాయి, ఇంటింటికీ నల్లా వచ్చింది. మా తమ్ముడి పిల్లల పళ్లు మా నాయనమ్మ పళ్లలా ఉన్నాయి.

ఇప్పుడు పూర్వీకులను వెతికే కాగితాల సంగతి. మీలో చాలామంది దానికోసమే వచ్చారని తెలుసు.

భూమి ఉన్న కుటుంబాలకు మొదటి మెట్టు 1954-55 ఖాస్రా పహాణీ, అంటే ఏ భూమి ఎవరిదో రాసిన ఊరి లెక్క. దాని నకలు తీసుకోండి. అంతకు ముందువి, సేత్వార్ లాంటి పాత భూమి రికార్డులు, ఉర్దూలో ఉంటాయి. వాటిలో ఉండేది ఫసలీ, అంటే పాత రెవెన్యూ లెక్కల సంవత్సరం. దానికి 590 కలిపితే దాదాపుగా మన సంవత్సరం వస్తుంది. ఫసలీ 1364 అంటే 1954-55. ఉర్దూ రాకపోతే పాత టౌన్‌లో చదివిపెట్టే పెద్దమనుషులు ఇంకా ఉన్నారు, ఆలస్యం చేయకండి. ఇంకా వెనక్కి పోవాలనుకునే వాళ్లకు హైదరాబాద్ తార్నాకలో రాష్ట్ర పురాలేఖనశాల ఉంది, మొగలుల కాలపు ఫారసీ కాగితాలు కూడా అక్కడ ఉన్నాయి.

పహాణీలో పట్టాదారు పేరు ఒక్కటే చూసి మూసేయకండి. నీటి ఆధారం అన్న గడి ఉంటుంది. బావినా, చెరువా అని. మా ఇంటి బావి ఏ తరంలో తవ్వారో నాకు దొరికింది అక్కడే. ఉర్దూ కాగితాల్లో వల్ద్ అంటే ఫలానా వారి కొడుకు. జౌజే అంటే భార్య, బేవా అంటే విధవ. మొగుడు పోయి, కొడుకులు చిన్నపిల్లలైతే తప్ప ఆడమనిషి పేరు పైకి రాదు. అందుకే జౌజే, బేవా అన్న మాట కనిపిస్తే అక్కడ ఆగండి, ఆ మాట వెనక ఒక కథ ఉంటుంది. 1951-52 మొదటి ఎన్నికల ఓటరు జాబితా తయారు చేసేటప్పుడు దేశంలో చాలామంది ఆడవాళ్లు సొంత పేరు చెప్పలేదు, ఫలానా వారి భార్య, ఫలానా వారి తల్లి అనే రాయించుకున్నారు. దాదాపు 28 లక్షల మంది పేర్లు జాబితా నుంచి తీసేయాల్సి వచ్చింది. పెదనాన్న కాగితం అట్లా ఎందుకుందో అర్థమవుతుంది కదా. తప్పు ఆయన ఒక్కడిది కాదు.

తేదీలు తెలియనప్పుడు ఊరికి తెలిసిన సంఘటనలు పట్టుకోండి. గత్తర, అంటే కలరా వచ్చిన ఏడు, పోలీస్ యాక్షన్, పోచంపల్లిలో భూదానం, సాగర్ కట్టడం, కృష్ణా పుష్కరాలు. పుష్కరాలు 1980, 1992, 2004, 2016. పన్నెండేళ్లకు ఒకసారి కాబట్టి వెనక్కి లెక్కపెట్టుకోవచ్చు. పోలీస్ యాక్షన్ అయితే నెలతో సహా దొరుకుతుంది, 1948 సెప్టెంబర్. పెద్దత్త అప్పుడు చంకలో పిల్ల అని నాయనమ్మ చెప్పింది. నా సంగతి కూడా చెప్తాను. నా సర్టిఫికెట్లో 1979 అని ఉంది. కానీ 1980 ఫిబ్రవరి 16న సంపూర్ణ సూర్యగ్రహణం పట్టి మన జిల్లా మీద పట్టపగలు చీకటి పడింది. ఆ మధ్యాహ్నం అమ్మను గదిలో పెట్టి తలుపు వేశారట, కదలొద్దని, కత్తిపీట ముట్టొద్దని. నేను అప్పుడు కడుపులో ఆరో నెల. బడిలో పంతులు రాసిన తేదీ కన్నా ఆకాశం చెప్పిన తేదీ గట్టిది. అప్పుడు అమ్మ చూడలేకపోయిన గ్రహణాన్ని నేను మొన్న ఫొటోలో చూపించాను.

మన వైపు కాగితం కన్నా పాత దారి ఇంకోటి ఉంది. కులానికో గాయకులు. పిచ్చకుంట్లవారు గోత్రాలు, ఇంటిపేర్లు చెప్పేవారు. మాదిగలకు డక్కలివారు జాంబపురాణం చెప్తారు, పద్మశాలీలకు కూనపులివారు, విశ్వబ్రాహ్మణులకు రుంజవారు, ముదిరాజులకు కాకిపడగలవారు. ఏ ఊరు ఎవరి మిరాశీయో, అంటే ఏ ఊళ్లో పాడే వంశహక్కు ఎవరిదో, వాళ్లలో వాళ్లకు లెక్క ఉంది. పటం విప్పి పాడితే రాత్రంతా సాగేది. చదువుకున్న వాళ్లం వీళ్లను అడుక్కునేవాళ్లుగా చూశాం, అది మన పెద్ద నష్టం. వాళ్లు పాడేది అంతా చరిత్ర అని నేను అనను. పురాణం భాగం పురాణమే. కానీ ఇంటిపేరు ఏ ఊరి నుంచి ఏ ఊరికి పోయిందో వాళ్లు చెప్పినది రెండుసార్లు నాకు కాగితాలతో సరిపోయింది.

డీఎన్‌ఏ గురించి చెప్పకపోతే విద్యార్థులు ఊరుకోరు. హైదరాబాద్‌లోని జీవశాస్త్ర పరిశోధన సంస్థ సీసీఎంబీ వాళ్లు, అమెరికా శాస్త్రవేత్తలు కలిసి 2009లో 25 సమూహాల్లోని 132 మందిని పరిశీలించారు. మనలో దాదాపు అందరం రెండు పాత జనాభాల కలయిక అని తేలింది. 2013 పరిశోధనలో ఆ కలయిక సుమారు 4,200 నుంచి 1,900 ఏళ్ల కింద జరిగిందని లెక్కకట్టారు. ఆ తర్వాత ఎవరి లోపల వాళ్లు పెళ్లిళ్లు చేసుకుంటూ వచ్చారు. దాని ఫలితం ఒకటి డాక్టర్లకు బాగా తెలుసు. ఆర్య వైశ్యుల్లో కొందరికి ఒక ఎంజైమ్ తక్కువ ఉంటుంది. మామూలుగా వాళ్లకు ఏ ఇబ్బందీ ఉండదు. ఆపరేషన్ ముందు కండరాలు సడలించడానికి ఇచ్చే ఒక రకం మందు మాత్రం వాళ్ల ఒంట్లో తొందరగా విరగదు, ఊపిరి అందడానికి ఎక్కువసేపు పడుతుంది. మత్తు డాక్టరుకు ముందే చెప్తే వేరే మందు ఇస్తారు. అంతే. దీన్ని చెప్పేటప్పుడు ఆ కులానికి దోషం ఉందన్నట్టు రాస్తే, మా పెద్దత్తకు జరిగినదే ఇంకో పిల్లకు జరుగుతుంది. నేను ఆ వార్త రాసిన రోజు ఒక్క వాక్యాన్ని పదిసార్లు మార్చాను.

ఉమ్మి పంపించి పూర్వీకులు ఎవరో తెలుసుకునే పరీక్షలు ఇప్పుడు అమ్ముతున్నారు. మీ తాత ఏ ఊరి నుంచి వచ్చాడో అది చెప్పదు. ఆ డబ్బుతో బస్సెక్కి మీ అమ్మమ్మ ఊరు పోయి రండి. ఒక సంగతి మాత్రం నాకు ఎప్పుడూ ఒళ్లు జలదరింపజేస్తుంది. మన కణాల్లో మైటోకాండ్రియా అనేది ఉంటుంది, దాని డీఎన్‌ఏ తల్లి నుంచే వస్తుంది. అమ్మకు అమ్మమ్మ నుంచి, అమ్మమ్మకు ఆమె తల్లి నుంచి. మన కాగితాలు ఏ వరసను రాయలేదో, ఒళ్లు ఆ వరసను రాసి పెట్టుకుంది.

ప్రశ్నలు ఉంటే అడగండి.

(సభలోంచి ఒక అక్క: "మేడం, మాది నాగర్‌కర్నూల్ దిక్కు. మాకు జాగ లేదు, పహాణీ లేదు. మా అమ్మానాయిన లేబర్ పనికి దేశం మీద తిరిగిండ్రు. మేం ఏడ వెతకాలె?")

అక్కా, చాలా మంచి ప్రశ్న. పాలమూరు కూలీలు కట్టని డ్యామ్ ఈ దేశంలో తక్కువ. వాళ్ల చరిత్ర ఎవరి పహాణీలోనూ ఉండదు, పనిచేసిన చోట్ల ఉంటుంది. మీ అమ్మ ఏ పని దగ్గర పెళ్లి చేసుకుంది, ఏ పని దగ్గర ఎవరిని కన్నది, మీ అన్నదమ్ములు ఎవరు ఎక్కడ పుట్టారు, ఆ పనుల పేర్లు వరసగా రాయండి. ప్రాజెక్టులకు తేదీలు ఉన్నాయి. సాగర్‌కు 1955 డిసెంబర్‌లో పునాది వేశారు, శ్రీశైలానికి 1963లో వేశారు. ఏ కాలువ ఏ ఏడు తవ్వారో దొరుకుతుంది. మేస్త్రీ పేరు గుర్తుంటే అతని ఊరు వెళ్లండి, అడ్వాన్సు ఇచ్చిన లెక్కల పుస్తకం కొందరి ఇళ్లలో ఇంకా ఉంటుంది. బొంబాయి, సోలాపూర్ పోయిన వాళ్లుంటే అక్కడి చుట్టాలను అడగండి. బొంబాయిలో కామాటిపుర అనే పేటకు పేరు వచ్చిందే మన వైపు నుంచి పోయిన కామాటీల వల్ల. శ్రీశైలం కింద ఊరు మునిగిన వాళ్లైతే నష్టపరిహారం కాగితాల్లో ఇల్లు, చెట్లు, పేర్లు రాసి ఉంటాయి.

(అక్క: "మా అమ్మ ఉన్నది మేడం. ఈడనే కూసున్నది. చెవులు సరిగ వినవడవు.")

ఉన్నారా? ఇక్కడికి తీసుకురండి. బాబూ, ఆ కుర్చీ ఇటు జరుపు. మైకు వద్దులే, నేను దగ్గర కూర్చుని మాట్లాడతాను. అమ్మా, దండం. మీ తల్లిగారి ఊళ్లె నీళ్లు ఏడికెళ్లి తెచ్చుకుంటుండిరి?